పాటకు మొదటి పాఠకుడు

ఒక పాట చెవిని పడగానే మనవారు సామాన్యంగా ముగ్గురిని తలచుకొంటారు. తెరపై ఆ పాటకు పెదవులు కదిపిన నటుడు మొదటివాడు. గొంతు నిచ్చిన గాయకుడు రెండవవాడు. సాహిత్యాభిమానులైనవారు మాటలు కూర్చిన కవిని గూడ స్మరిస్తారు. ఆ మాటలకు నడక నేర్పినవారెవరన్న ప్రశ్న మాత్రం పుట్టుట అరుదు. పాతికేండ్లకు పైగా కళాశాలలో తెలుగు చెప్పుచున్న ఈ రచయితకు ఈ సంగతి తరగతి గదిలోనే తెలిసివచ్చినది. ఒకనాడు దేవులపల్లి కృష్ణశాస్త్రిగారి గేయరచనను గూర్చి చెప్పుచు, ‘మల్లీశ్వరి’ చిత్రంలోని పాటల ప్రసక్తి తెచ్చి, వీనికి వరుసలు కట్టినవారెవరని అడుగగా తరగతి యావత్తు మౌనం వహించినది. ఆ విద్యార్థులలో సాలూరు ప్రాంతంనుండి వచ్చినవారును ఉన్నారు. ఆయన మీ పొరుగూరివారే అని చెప్పినప్పుడు వారి ముఖాలలో ఆశ్చర్యం తొంగిచూచినది. తప్పు వారిది కాదు. చెప్పవలసినవారము మనము, చెప్పలేదు.

సాలూరి రాజేశ్వరరావుగారు 1922 అక్టోబరు 11వ తేదీన సాలూరు సమీపమందలి శివరామపురంలో జన్మించినారు. ఆనాడు ఆ ఊరు విశాఖపట్టణం జిల్లాలోనిది. 1950లో శ్రీకాకుళం జిల్లా ఏర్పడగా అందులో చేరినది. 1979లో విజయనగరం జిల్లాలోనికి, 2022లో పార్వతీపురం మన్యం జిల్లాలోనికి వచ్చినది. ఊరు కదలలేదు, దస్త్రాలలో జిల్లా పేరు మాత్రమే మారుచు వచ్చినది. ఇన్ని జిల్లాలవారు మావాడని చెప్పుకొనదగిన వ్యక్తిని ఏ జిల్లా పిల్లలూ ఎరుగకుండుట విచారింపదగిన విషయం.

ఆయన తండ్రి సన్యాసిరాజుగారు మృదంగ విద్వాంసులు. వాయులీన సార్వభౌములైన ద్వారం వెంకటస్వామినాయుడుగారి కచేరీలకు పక్కవాద్యం వాయించినవారు. లయజ్ఞుడైన తండ్రి ఒడిలో పెరిగిన బాలునకు తాళం బడిలో నేర్చుకొనవలసిన పాఠం కాలేదు. అమ్మ మాటతోపాటు అబ్బినది. ఆ కాలమందు విజయనగరం మంచి ఊపుమీద ఉన్నది. 1919లో అక్కడ మహారాజావారి సంగీత కళాశాల వెలసినది. హరికథా పితామహులైన ఆదిభట్ల నారాయణదాసుగారు దానికి తొలి అధ్యక్షులు. నాయుడుగారు అక్కడనే వాయులీనం నేర్పినారు. అంతకు ముందే, 1892లో, గురజాడవారి ‘కన్యాశుల్కం’ ఆ పట్టణంలోనే తొలిసారి రంగమెక్కినది. హరికథ, నాటకం, కచేరీ అనే మూడు పాయలు కలిసి పారిన నేల అది. మహావిద్వాంసుడు ఆకాశంనుండి ఊడిపడడు. వినువారు, నేర్పువారు, ఆదరించువారు ఉన్నచోటనే పుట్టి పెరుగుతాడు. రాజేశ్వరరావుగారి జీవితంలో మనము మొదట గమనింపవలసినది ఈ విషయం.

ఆయన పని విలువ తెలియుటకు ఆనాటి రంగస్థల సంగీతం ఎట్టిదో కొంచెము తలచుకొనవలె. పద్యనాటకం తెలుగు ప్రజలకు ప్రాణప్రదమైన వినోదం. పందిరి కింద వేలకొలది జనం కూర్చుండేవారు. ధ్వనివర్ధకములు లేని రోజులలో చిట్టచివరి వరుసలో ఉన్నవానికి గూడ పద్యం వినిపించవలె. కావున నటుడు శ్రుతి హెచ్చించి, గొంతెత్తి, పద్యం చివర దీర్ఘమైన రాగం తీసేవాడు. ప్రేక్షకులు ‘వన్స్‌మోర్’ అని కేకలు వేసేవారు. చనిపోయిన పాత్ర గూడ లేచి మరల పద్యమెత్తుకొనిన ముచ్చటలు మన పెద్దలు నవ్వుచు చెప్పేవారు. ఆ రాగాలలో గొప్ప విద్య ఉన్నది, కాదనువారు లేరు. కాని రాగం సాగిన కొలది మాట వెనుకబడేది. కరుణమునకును క్రోధమునకును ఒకే హెచ్చు గొంతు పలికేది. 1932లో ‘భక్త ప్రహ్లాద’తో తెలుగు టాకీ అవతరించినప్పుడు నాటకంతోపాటు నాటకపు పాటయు తెరపైకి నడచివచ్చినది. తెర కొత్తది, పాట మాత్రం పాతది.

ఈ పరివర్తన కాలంలోనే శివరామపురం బాలుడు ప్రవేశించినాడు. 1930ల మొదటి సంవత్సరాలలోనే అతని కంఠం హచిన్స్ కంపెనీవారి గ్రామఫోను రికార్డులకెక్కినది. 1935లో వేల్ పిక్చర్స్‌వారి ‘శ్రీకృష్ణ లీలలు’లో బాలకృష్ణుడుగా నటించి పాడినాడు. వేమూరి గగ్గయ్యగారి కంసుని ఎదుట నిలిచిన ఆ పసివాని పాటకు ఆంధ్రదేశం ముగ్ధమైనది. మరుసటి సంవత్సరం ‘మాయాబజార్’ అను నామాంతరం గల ‘శశిరేఖా పరిణయం’లో అభిమన్యుడైనాడు. ఆ తరువాత రాజేశ్వరరావుగారు కలకత్తాలో కొంతకాలం ఉండి హిందుస్థానీ సంగీతం అభ్యసించినారు. న్యూ థియేటర్స్ సంస్థ వెలుగుచున్న రోజులవి. సైగల్, పంకజ్ మల్లిక్, ఆర్.సి. బోరాల్ ప్రభృతుల గానరీతులను దగ్గరగా ఉండి గ్రహించినారు.

ఆ రీతులలోని కిటుకు ఏమి? మైక్రోఫోను చెవి వంటిదని వారు గుర్తించినారు. చెవిదగ్గర నిలిచి ఎవరును కేకలు వేయరు. గుసగుసలాడినను వినగల యంత్రం ఎదుట ఉన్నప్పుడు గాయకునకు బలం కంటె మార్దవం ముఖ్యం. ఈ సూక్ష్మం గ్రహించి రాజేశ్వరరావుగారు తెలుగులో లలిత సంగీతమునకు బాట వేసినవారిలో అగ్రగణ్యులైనారు. గూడవల్లి రామబ్రహ్మంగారి ‘ఇల్లాలు’ 1940లో వచ్చినది. దానికి ఆయన సంగీతం కూర్చుటయే గాక, రావు బాలసరస్వతీదేవిగారితో కలిసి నటించినారు. వారిద్దరి గానం గ్రామఫోను ద్వారా ఇంటింటికి చేరినది. పందిట్లో పదివేలమందికి పాడే పాటకును, ఒక్క మనిషికి చెప్పుకొనే పాటకును గల భేదం తెలుగువారి చెవులకు అప్పుడు తెలిసినది.

అటుపిమ్మట ఆయన జెమినీ సంస్థలో చేరినారు. 1942లో ‘బాలనాగమ్మ’ వచ్చినది. పల్లెపల్లెలో కథగా, నాటకంగా నలిగిన ఇతివృత్తమది. 1948లో విడుదలైన ‘చంద్రలేఖ’ తమిళ చిత్రం. పెద్ద పెద్ద ఢంకాలపై నర్తకులు ఆడు దృశ్యం దానిలో సుప్రసిద్ధం. కర్ణాటక, హిందుస్థానీ, పాశ్చాత్య సంగీతరీతులు మూడును ఆ చిత్రంలో ఆయనకు అక్కరకు వచ్చినవి. సితార్, సుర్‌బహార్, పియానో, తబలా వంటి భిన్నవాద్యములలో ప్రవేశముండుట చేత వాద్యబృందాన్ని ఒక పెద్ద కుటుంబాన్ని నడిపినట్లు నడిపినారు. మన్యం అంచుననున్న గ్రామంలో పుట్టిన యువకుడు ఇరువదియారేండ్లు నిండకముందే భారతదేశమంతయు చూచిన చిత్రమునకు సంగీతం కూర్చినాడన్న మాట మన విద్యార్థులు వినదగినది.

ఇక అసలు విషయం. స్వరకర్త చేయు పని ఏమి? కవి వ్రాసిన కాగితం మొదట ఆయన చేతికి వస్తుంది. గాయకుడు గాని, నటుడు గాని, ప్రేక్షకుడు గాని ఇంకను ఆ మాటలను విననే లేదు. ఏ మాటపై ఆగవలె, ఏ మాటను జారవిడువవలె, ఏ అక్షరంలో దుఃఖం దాగి ఉన్నది అన్న విషయం మొదట నిర్ణయించువాడు ఆయనయే. మల్లినాథుడు కాళిదాసునకు వ్యాఖ్య వ్రాసినట్లు, స్వరకర్త గేయమునకు వ్యాఖ్య వ్రాస్తాడు. సిరాతో గాక స్వరంతో వ్రాస్తాడు. అందుచేత ఆయన పాటకు మొదటి పాఠకుడు.

ఈ పఠనం ఎంత సున్నితమైనదో తెలుగు ఉపాధ్యాయులకు వేరే చెప్పనక్కరలేదు. మన భాషలో హ్రస్వదీర్ఘాలు అర్థమునే మార్చివేస్తవి. ‘కలము’ వేరు, ‘కాలము’ వేరు. ‘పలు’ అని కవి వ్రాసినచోట వరుస కొరకు సాగదీసి ‘పాలు’ అని పలికిస్తే కవి హృదయం అక్కడనే విరిగిపోతుంది. పదాన్ని నడుమ విరిచి తాళం వేస్తే అన్వయం చెడుతుంది. లఘువు లఘువుగా, గురువు గురువుగా నిలుచుచుండగానే రాగం నిండుగా పలుకవలె. ఛందస్సు చెప్పునప్పుడు మనము నల్లబల్లపై గీచే గుర్తులు స్వరకర్తకు ప్రతి పాటలోను ఎదురయ్యే సమస్యలు.

1951లో బి.ఎన్. రెడ్డిగారి దర్శకత్వంలో వచ్చిన ‘మల్లీశ్వరి’ ఈ విద్యకు ఉత్తమ నిదర్శనం. కృష్ణశాస్త్రిగారు చిత్రాలకు పాటలు వ్రాయుట దానితోనే ప్రారంభం. ఆయన మాటలు మంచుబిందువుల వంటివి. గట్టిగా ముట్టితే రాలిపోతవి. రాణివాసంలో చిక్కిన నాయికయు, దూరమందున్న నాయకుడును మేఘమును పిలిచి తమ వేదన విన్నవించుకొను ఘట్టమొకటి ఆ చిత్రంలో ఉన్నది. కాళిదాసుని ‘మేఘసందేశం’ చదివినవారికి ఆ తలపు పరిచితమే. ఇరువురు వేర్వేరు చోట్ల ఉన్నారు. పాట మాత్రం ఒక్కటే. తొందరలేని గమనంతో సాగు ఆ వరుస మబ్బు కదలినంత మెల్లగా కదలుతుంది. భానుమతిగారు, ఘంటసాలగారు గొంతు పెంచరు, విలపింపరు. వాద్యములు మాటల వెనుక నిలుచును గాని మాటలకు అడ్డురావు. నాటకపు పందిట్లో అదే విరహం ఎట్లు పలికి ఉండేదో ఊహించుకొని, ఇది మరల వింటే ఇరువది ఏండ్లలో తెలుగు పాట ఎంతదూరం నడిచినదో తెలుస్తుంది. అద్దేపల్లి రామారావుగారు గూడ ఆ సంగీతంలో పాలుపంచుకొన్నారు; ఆ పేరును మరువరాదు.

నాలుగేండ్ల తరువాత వచ్చిన ‘మిస్సమ్మ’ మరియొక స్వభావం గలది. ఉపాధ్యాయులకు అది మరింత దగ్గర. ఉద్యోగం కొరకు భార్యాభర్తలమని బొంకి పల్లెటూరి బడిలో చేరిన ఇద్దరు పంతుళ్ల కథ గదా! పింగళి నాగేంద్రరావుగారి మాటలలో చమత్కారం పాలు ఎక్కువ. కలహించిన జంట చందమామను సాక్షిగా పిలిచి ఒకరిపై ఒకరు చెప్పుకొను పాటను తలచుకొనండి. మాటలో వెక్కిరింత ఉన్నది. వరుసలో వెన్నెల ఉన్నది. పైకి తగవులాడుచున్నను లోపల ప్రేమ మొలకెత్తినదన్న రహస్యం మాట చెప్పలేదు, వరుస చెప్పినది. కవి దాచినదానిని వరుస ద్వారా స్ఫురింపజేయుట ధ్వని సిద్ధాంతమునకు చక్కని ఉదాహరణం కాదా? ‘ధ్వన్యాలోకం’ పేరు చెప్పి విద్యార్థులను భయపెట్టుటకంటె ఈ పాట ఒకమారు వినిపించి ప్రశ్నించుట మేలు.

సినిమా పాటకు పాఠశాలలో చోటెక్కడిదని కొందరు పెద్దలు ఆక్షేపింపవచ్చును. ఆ ఆక్షేపణలో సత్యం లేకపోలేదు. చిత్రసీమ వ్యాపారం. చవుకబారు మాటలకు చవుకబారు వరుసలు కట్టుట నాడును ఉన్నది, నేడును ఉన్నది. రాజేశ్వరరావుగారు కట్టినవన్నియు సమానమని గూడ మనము చెప్పబోము. దశాబ్దాల తరబడి చిత్రం వెంట చిత్రమునకు పనిచేసినవారి రచనలో ఎగుడుదిగుడులు సహజం. ఐతే నాటకమును గూడ ఒకప్పుడు శిష్టులు ఈసడించినారు, నేడది పాఠ్యభాగం. మంచిచెడ్డలు వేరుచేయు వివేకం నేర్పుటకే పాఠశాల ఉన్నది. పిల్లలు ఎటులైనను వినుచున్న పాటను వివేకంతో వినుట నేర్పకుంటే, ఆ పని అంగడి నేర్పుతుంది.

ఇంకొక ఆక్షేపణ గలదు. ఆయన వరుసలలో వంగదేశపు ఛాయలు, హిందుస్థానీ ఛాయలు, పాశ్చాత్య ఛాయలు ఉన్నవి. ఇది తెలుగు సంగీతమెట్లగునని. ముత్తుస్వామి దీక్షితులవారు ఇంగ్లీషు బ్యాండు వరుసలకు సంస్కృత సాహిత్యం కూర్చి నొట్టుస్వర రచనలు చేసిన సంగతి తలచుకొంటే ఈ సందేహమునకు సగం సమాధానం దొరుకుతుంది. పొరుగింటి విత్తనం తెచ్చి మన నేలలో నాటుట వేరు. పొరుగింటి పంట కోసి తెచ్చుట వేరు. తెచ్చినదానిని తెలుగు పలుకుబడికి లొంగదీయగలిగినాడా లేదా అన్నదే పరీక్ష. రాకతోపాటు పోకయు ఉన్నది. ‘మిస్సమ్మ’ను 1957లో హిందీలో ‘మిస్ మేరీ’గా తీసినప్పుడు సంగీతం హేమంత్ కుమార్‌గారిదైనను, రాజేశ్వరరావుగారి వరుస ఒకటి అందులో అట్లే నిలిచినది.

పేరు మరుగుపడుటకు ‘మాయాబజార్’ మంచి ఉదాహరణం. 1957లో విడుదలైన ఆ చిత్రమునకు సంగీత దర్శకులు ఘంటసాలగారు. అందులోని కొన్ని యుగళగీతాల వరుసలు అంతకుముందు రాజేశ్వరరావుగారు కట్టియుంచినవేనని చిత్రరంగంలో ప్రసిద్ధి. 1936లో అభిమన్యుడుగా నటించిన బాలుడు, ఇరువదియొక్క సంవత్సరాల తరువాత అదే అభిమన్యునకు పాటలు సమకూర్చినాడన్నమాట! ఘంటసాలగారును 1922లో జన్మించినవారే. కృష్ణాతీరమునుండి విజయనగరం వచ్చి, మధూకరమెత్తుకొని, సంగీత కళాశాలలో చదివినారు. అక్కడ ఆయనకు విద్య గరపిన పట్రాయని సీతారామశాస్త్రిగారిని ‘సాలూరు చినగురువుగారు’ అని పిలిచేవారు. ఒకరు సాలూరు ప్రాంతంనుండి మద్రాసు చేరినారు. మరియొకరు సాలూరు గురువుగారి శిష్యులై మద్రాసు చేరినారు. ఇద్దరి పాటయు ఒకే చిత్రంలో కలిసినది. గొంతు వినబడుతుంది గనుక గాయకుని పేరు నిలిచినది. వరుస కంటబడదు గనుక కట్టినవారి పేరు జారిపోయినది.

ఇతర దేశాలలో ఏమి జరుగుచున్నదో చూచుట మంచిది. ఐరోపా ఉత్తరతీరమున ఎస్టోనియా అను చిన్న దేశమున్నది. జనసంఖ్య సుమారు 13 లక్షలు. 1869లో ప్రారంభమైన పాటల పండుగ వారి జాతీయ జీవితమునకు ఆధారం. వెల్యో టోర్మిస్ అను స్వరకర్త పల్లెవాసుల ప్రాచీన గీతాలను సేకరించి, గాయకబృందములు పాడుటకు అనువుగా కూర్చినాడు. 1969లో ‘కెవడె’ అను చిత్రమునకు సంగీతం సమకూర్చినవాడును ఆయనయే. అది బడిపిల్లల జీవితాన్ని గూర్చిన నవలనుండి తీసిన చిత్రం. పల్లెపాట, గాయకబృందం, చలనచిత్రం మూడును ఆయనకు ఒకే పనిలోని భాగాలు. అంత చిన్న జాతి తన పాటను, పాట కట్టినవానిని గుండెకు హత్తుకొనుచున్నది. మనము కోట్లసంఖ్యలో ఉన్నాము. సంఖ్య ఎక్కువైనంత మాత్రమున జ్ఞాపకం ఎక్కువ కాదు.

మనమేమి చేయవలె? విగ్రహాలు, సన్మానాలు ప్రభుత్వానికి, సంపన్నులకు విడుతము. రాజేశ్వరరావుగారికి ఆంధ్ర విశ్వవిద్యాలయం ‘కళాప్రపూర్ణ’ బిరుదమిచ్చి గౌరవించినది. రఘుపతి వెంకయ్య పురస్కారం గూడ లభించినది. ఉపాధ్యాయుడు చేయగల పనులు వేరు. మొదటిది, తరగతిలో పద్యాన్ని గొంతెత్తి చదువుట. ఈనాడు అనేక బడులలో పద్యం ప్రతిపదార్థముగా మాత్రమే బ్రతుకుచున్నది. చెవికి చేరకుండగనే పరీక్ష కాగితం చేరుచున్నది. రాగం రాకపోయినను ఫరవాలేదు. పాదం విరుపు, యతి ఆగు చోటు తెలియునట్లు చదివితే చాలును. రెండవది, నెలకొకమారైనను ఒక మంచి గేయాన్ని మొదట మాటలుగా చదివించి, తరువాత పాటగా వినిపించి, వరుస ఏ మాటకు ప్రాధాన్యమిచ్చినదో విద్యార్థులచేత చెప్పించుట. మూడవది ఇంకను ముఖ్యం. మన పల్లెలలో హార్మోనియం పట్టిన వృద్ధులు, జముకుల కథ చెప్పినవారు, తప్పెటగుళ్లు ఆడినవారు ఇప్పటికిని కొందరున్నారు. వారి వరుసలు వారితోనే పోవుచున్నవి. ప్రతి విద్యార్థి చేతిలోను ధ్వనిని పట్టి ఉంచు పరికరమున్న ఈ రోజులలో, సెలవులలో ఒక తాతను కూర్చుండబెట్టి నాలుగు పాటలు పాడించి భద్రపరచుట కష్టమైన పని కాదు. పాడినవారి పేరు, ఊరు, పాట నేర్పినవారి పేరు తప్పక వ్రాసియుంచవలె.

రాజేశ్వరరావుగారు 1999 అక్టోబరులో చెన్నైలో కన్నుమూసినారు. కుమారులు వాసూరావు, కోటి గార్లు అదే విద్యలో పేరు గడించినారు. 2022లో నూరేండ్లు నిండినవి. ఐతే శతజయంతి ఒకనాటి ముచ్చట. పాఠం ప్రతినిత్యం జరుగునది. ఈసారి రేడియోలోనో, పెళ్లిపందిట్లోనో వెన్నెలవంటి పాత పాట ఒకటి వినిపిస్తే, పాడినదెవరో వ్రాసినదెవరో చెప్పుకొనిన పిమ్మట ఒక్క క్షణం ఆగి, ఈ మాటలను మొదట చదివినదెవరని పిల్లలను అడుగుదము. ఆ ప్రశ్న వేయుట అలవాటైతే, వేగవతి ఒడ్డున ఒక బాలుడు తండ్రి మృదంగం వినుచు పెరిగినాడని చెప్పుటకు అవకాశం దానంతటదే వస్తుంది.